తాష్కెంట్‌లో తిరిగి ఇల్లు చేరిన కమ్మరి కుటుంబం

ఉజ్బెకిస్తాన్ వెళ్లే మనవాళ్లలో చాలామందికి తాష్కెంట్ విమానం దిగే ఊరు మాత్రమే. రాత్రి దిగుతారు, పొద్దున్నే సమర్కండ్ రైలెక్కుతారు, తిరుగు ప్రయాణంలో చోర్సు బజారులో ఎండు ద్రాక్ష, బాదంపప్పు కొనుక్కుని ఇంటిదారి పడతారు. యాత్రా సంస్థల ప్యాకేజీలు కూడా దాదాపు ఇలాగే ఉంటాయి. సమర్కండ్ నీలి గుమ్మటాలకు నా సిఫారసు అక్కర్లేదు. తాష్కెంట్ తరఫున మాత్రం ఎవరో ఒకరు మాట్లాడాలి. ఈ ఊళ్లో ఒక కమ్మరి కుటుంబం కంచు విగ్రహం ఉంది. 1982లో నిలబెట్టారు, 2008లో ఊడదీసి నగరం అంచుకు తరలించారు, 2018లో తెచ్చి మళ్లీ పాత చోటనే పెట్టారు. దాని కథ తెలుసుకుని చూడటానికైనా ఈ ఊళ్లో రెండు రోజులు ఉండాలని నా గట్టి నమ్మకం.

మేము వెళ్లింది ముగ్గురం. సమర్కండ్ వైద్య విశ్వవిద్యాలయంలో చదువుతున్న మా అక్క కూతురు తాష్కెంట్ వచ్చి మమ్మల్ని కలిసింది. ఆంధ్రప్రదేశ్, తెలంగాణల నుంచి అక్కడ వైద్యం చదువుతున్న పిల్లలు చాలామందే ఉన్నారు. రష్యన్ బాగా, ఉజ్బెక్ పని జరిగేంత వచ్చు దానికి. అది పక్కన లేకపోతే ఈ వ్యాసంలో సగం ఉండేది కాదు. మూడో మనిషి మా నాన్నగారు. సాంఘిక శాస్త్రం టీచరుగా పనిచేసి విశ్రాంతి తీసుకుంటున్నారు. విశాలాంధ్రవారి పుస్తకాల వ్యాను ఊళ్లోకి వచ్చిందంటే జీతంలో కొంత అక్కడే వదిలేసి వచ్చే తరం ఆయనది. తెలుగులోకి వచ్చిన సోవియట్ పుస్తకాలు మా ఇంట్లో రెండు అల్మారాల నిండా ఉండేవి. తాష్కెంట్ అనగానే ఆయనకు గుర్తొచ్చేవి రెండు: లాల్ బహదూర్ శాస్త్రిగారి మరణం, ఆ పుస్తకాల్లో చదువుకున్న ‘ప్రజల మైత్రి’ అనే సోవియట్ నినాదం.

ప్రయాణం సంగతి క్లుప్తంగా చెప్పేస్తాను. హైదరాబాద్ నుంచి ఢిల్లీ మీదుగా వెళ్లాం. ఢిల్లీ నుంచి తాష్కెంట్‌కు నేరుగా విమానం, సుమారు మూడు గంటలు. వీసా ఇంట్లో కూర్చుని ఆన్‌లైన్‌లో తీసుకోవచ్చు, ఒకసారి ప్రవేశానికి 20 డాలర్లు. ఏప్రిల్, మే, సెప్టెంబర్, అక్టోబర్ మంచి నెలలు. జులైలో వెళితే రెంటచింతలకు వెళ్లినట్టే. అక్కడి డబ్బు సోమ్. లక్ష సోమ్‌లంటే మన ఏడు వందల రూపాయలకు అటూఇటూ కాబట్టి బిల్లులో సున్నాలు చూసి కంగారు పడకండి. ఊళ్లో తిరగడానికి యాండెక్స్ యాప్‌లో కారు పిలుచుకోవడం తేలిక, చవక. బేరం బాధ ఉండదు.

బస విషయంలో రెండు రకాలూ చూశాం. మొదట దిగింది అమీర్ తైమూర్ చౌక్ దగ్గర ఒక మధ్యతరగతి హోటల్. చోటు బాగుంది, మెట్రో నడిచే దూరంలో ఉంది, గది శుభ్రంగానే ఉంది. లిఫ్టు మాత్రం తరచూ మొరాయించేది. డెబ్భై దాటిన నాన్నగారి మోకాళ్లకు అది పెద్ద కష్టం. పొద్దున పూట శాకాహారికి రొట్టె, వెన్న, దోసకాయ ముక్కలు తప్ప మరేమీ దొరకలేదు. విదేశీయుల బసను నమోదు చేయడం అక్కడ తప్పనిసరి. ఆ పని హోటలే చేసి ఒక చీటీ ఇవ్వాలి. మా హోటల్‌లో దాని కోసం మళ్లీ మళ్లీ అడగాల్సి వచ్చింది. మీరు ఎక్కడ దిగినా గది తాళంతోపాటు ఆ చీటీ గురించి కూడా అడగండి, సరిహద్దు దాటేదాకా దాచుకోండి.

తర్వాత పాత నగరంలో, చోర్సు వెనక సందుల్లో, ఒక కుటుంబం నడిపే అతిథి గృహానికి మారాం. బయటికి మట్టిగోడ, ఒక చెక్క తలుపు, అంతే. లోపలికి అడుగుపెడితే ద్రాక్ష పందిరి, మల్బరీ చెట్టు, వాకిట్లో తప్చాన్. అంటే వెడల్పాటి చెక్క మంచం, దాని మీద పరుపులు, మధ్యలో పొట్టి బల్ల. అన్నీ కింది గదులే కాబట్టి మెట్ల బెడద లేదు. పొద్దున తందూరు రొట్టె, మీగడ, నేరేడు రంగు మల్బరీ పళ్లు, ఆప్రికాట్ జామ్, ఎంత తాగితే అంత పచ్చ టీ. పెద్దవాళ్లను తీసుకెళ్లేవారికి నా సలహా ఇలాంటి ఇళ్లే. బాత్రూములు చిన్నవి, కారు ఇంటి ముందుదాకా రాదు. ఆ రెండు లోపాలూ ఆ ఇంటి యజమానురాలి ఆదరం ముందు మాకు లెక్కకు రాలేదు. ఆమె చెప్పిన మాటలు తర్వాత ప్రస్తావిస్తాను.

ఊరు చూడటం అమీర్ తైమూర్ చౌక్ నుంచి మొదలుపెట్టమని చెబుతాను. కమ్మరి విగ్రహం విలువ తెలియాలంటే ముందు ఈ చౌక్ సంగతి తెలియాలి. 1913లో ఇక్కడ జార్ చక్రవర్తి తరఫున తుర్కిస్తాన్‌ను ఏలిన కౌఫ్‌మన్ విగ్రహం పెట్టారు. విప్లవం వచ్చాక దాన్ని తీసేశారు. కొన్నాళ్లు విప్లవ చిహ్నాలు నిలిచాయి. తర్వాత స్టాలిన్ వచ్చాడు, 1961లో వెళ్లిపోయాడు. 1968లో కార్ల్ మార్క్స్ శిరస్సు పెట్టారు. దేశం స్వతంత్రమయ్యాక 1993లో గుర్రం మీద తైమూర్ వచ్చాడు. సోవియట్ పాఠ్యపుస్తకాల్లో క్రూరుడైన భూస్వామ్య పాలకుడిగా ఉన్న మనిషి, ఇప్పుడు జాతి పిత స్థానంలో గుర్రమెక్కి చెయ్యి చాచి ఉన్నాడు. పీఠం మీద ‘న్యాయంలోనే బలం’ అన్న మాట నాలుగు భాషల్లో చెక్కి ఉంది. దండయాత్రల్లో ఢిల్లీని కూడా నేలమట్టం చేసిన మనిషి పాదాల దగ్గర ఆ మాట చదువుతుంటే నాకు మనసొప్పలేదు. చుట్టూ ఒకప్పుడు గొప్ప చినారు చెట్లుండేవి. 2009లో వాటిని నరికించేశారు. ఆ నీడ పోయినందుకు ఊరివాళ్లు ఈనాటికీ బాధపడతారు. మిట్టమధ్యాహ్నం పోకండి, నిలబడటానికి చోటు దొరకదు. చౌక్‌కు ఎదురుగా తెరిచిన పుస్తకంలా కనబడే ‘హోటల్ ఉజ్బెకిస్తాన్’ భవనాన్ని మాత్రం తీరిగ్గా చూడండి. 1974 నాటిది. కాంక్రీటును జల్లెడలా మలిచి ఎండను ఆపే ఆ పనితనం సోవియట్ కాలపు తాష్కెంట్ వాస్తుకు మంచి నమూనా.

స్వాతంత్ర్య చౌక్ కూడా ఇదే తీరు. అది ఒకప్పటి లెనిన్ చౌక్. ఇక్కడి లెనిన్ సోవియట్ దేశంలోని అతి పెద్ద లెనిన్‌లలో ఒకడు. 1992లో ఆయన్ను దించి ఆ చోట ఒక భూగోళం పెట్టారు. దాని మీద ఉజ్బెకిస్తాన్ ఒక్కటే ఉబ్బెత్తుగా కనిపిస్తుంది. 2006లో దాని ముందు బిడ్డనెత్తుకున్న తల్లి విగ్రహం చేర్చారు. పచ్చిక, ఫౌంటెన్లు, విశాలమైన బాటలు. సాయంత్రం నడకకు హాయిగా ఉంటుంది. అంతకు మించి అక్కడ నాకు మనసు నిలవలేదు.

ఇక మెట్రో. తాష్కెంట్‌లో ఒక్క సేవకు పూర్తి మార్కులు ఇవ్వాలంటే నేను మెట్రోకే ఇస్తాను. 1977లో మొదలైంది. టికెట్ మన పాతిక రూపాయల లోపే, గేటు దగ్గర బ్యాంకు కార్డు తాకిస్తే చాలు. స్టేషన్లు ఒక్కొక్కటీ ఒక్కో తీరు. అలీషేర్ నవాయీ స్టేషన్‌లో గుమ్మటాల కప్పు, కోస్మొనావ్త్‌లార్ స్టేషన్‌లో నీలి గోడల మీద వ్యోమగాముల చిత్రాలు. 2018 దాకా లోపల ఫోటోలు తీయనిచ్చేవారు కాదు. ఇప్పుడు అందరూ తీసుకుంటున్నారు. నాన్నగారు పెట్టెలోకి ఎక్కగానే ఇద్దరు కుర్రాళ్లు ఒకేసారి లేచి చోటిచ్చారు. మేమున్నన్నాళ్లూ ఏ ప్రయాణంలోనూ ఆయన నిలబడాల్సి రాలేదు. లోపం చెప్పాలంటే పాత స్టేషన్లలో చాలాచోట్ల మెట్లు తప్పవు.

ఈ మెట్రోలోనే చిలొంజార్ మార్గంలో ‘ఖల్క్‌లార్ దోస్త్‌లిగి’ అనే స్టేషన్ ఉంది. ప్రజల మైత్రి అని అర్థం. మధ్యలో పదేళ్లపాటు దాని పేరు ‘బున్యోద్‌కోర్’. ఎదురుగా ఉన్న ప్రజల మైత్రి భవనం పేరు కూడా ఆ కాలంలో ‘ఇస్తిక్లోల్’, అంటే స్వాతంత్ర్యం. రెండింటికీ 2018లో పాత పేర్లు తిరిగి వచ్చాయి. ఇవి మారడానికీ తిరిగి రావడానికీ కారణం నేను చెప్పబోయే విగ్రహమే అనలేను గానీ, ముగ్గురి జాతకమూ ఒకటే.

స్టేషన్ మెట్లెక్కి పైకి రాగానే జాలీ పని చేసిన భారీ భవనం, దాని ముందు విశాలమైన ఖాళీ, అక్కడ ఆ కంచు కుటుంబం. మధ్యలో కమ్మరి షాఅహ్మద్ షామహ్మూదోవ్, పక్కన భార్య బహ్రి అక్రామోవా, చుట్టూ పిల్లలు. అక్కడ నిలబడితే పైకి తలెత్తి చూడాల్సిన వీరుడెవరూ కనిపించరు. చౌక్‌లలో చూసిన ఖడ్గాలు, చాచిన చేతులు, గుర్రాలు ఏవీ లేవు. ఒక ఇంటివాళ్లంతా ఫోటో కోసం ఒకచోట చేరారు, అంతే.

కథ ఇది. 1941లో జర్మన్ సైన్యం సోవియట్ దేశంలోకి చొరబడ్డాక పశ్చిమ ప్రాంతాల నుంచి ఫ్యాక్టరీలు, ఆసుపత్రులు, మనుషులు రైళ్లలో తూర్పుకు తరలివచ్చారు. ఉజ్బెకిస్తాన్‌కు చేరినవారు పది లక్షలకు పైగా ఉంటారని లెక్క. వారిలో పిల్లలే దాదాపు రెండు లక్షలు. చాలామందికి తల్లిదండ్రులు లేరు, కొందరికి తమ పేరు కూడా తెలియదు. అప్పుడు తాష్కెంట్‌లో ఒక సహకార సంఘంలో కమ్మరి పని చేసే షాఅహ్మద్, ఆయన భార్య బహ్రి అనాథాశ్రమానికి వెళ్లి పిల్లల్ని ఇంటికి తెచ్చుకున్నారు. ఒకరు ఇద్దరు కాదు, డజనుకు పైగా. రష్యన్, యూదు, లాత్వియన్, కజఖ్, తాతారు, ఇలా పుట్టుక ఒక్కొక్కరిది ఒక్కోచోట. యుద్ధకాలంలో రొట్టె కార్డు మీద దొరికేది. ఆ లెక్క ప్రకారం అంత సంసారాన్ని ఒక కమ్మరి కూలితో ఎలా ఈదారో ఊహించడం నాకు సాధ్యం కాలేదు. వాళ్లు ఒంటరివారు కూడా కారు. ఉజ్బెక్ ఇళ్లు చాలా ఇలాగే తలుపులు తెరిచాయి.

యుద్ధం ముగిసి మూడున్నర దశాబ్దాలు దాటాక, 1982లో, శిల్పి ద్మిత్రీ రియాబిచెవ్ ఈ విగ్రహం చేశాడు. అప్పట్లో దాన్ని నిలబెట్టినవారి ఉద్దేశం స్పష్టం. సోవియట్ గణతంత్రాలన్నీ ఒక్క కుటుంబమని చాటడం. భవనం పేరు, చౌక్ పేరు, స్టేషన్ పేరు అన్నీ ఆ నినాదమే. కమ్మరి దంపతులు చేసిన పని వాళ్ల ఇంటిది. దాన్ని తీసుకుని రాజ్యం తన పతకంగా పెట్టుకుంది. 1991 తర్వాత ఆ రాజ్యమే లేకుండా పోయింది. స్వతంత్ర ఉజ్బెకిస్తాన్‌ను పాతికేళ్లు ఏలిన ఇస్లాం కరీమోవ్ ప్రభుత్వం సోవియట్ గుర్తులను ఒక్కొక్కటిగా తీసివేస్తూ వచ్చింది. లెనిన్‌ను దించడం ఎవరికైనా అర్థమవుతుంది. 2008లో వంతు ఈ కుటుంబానికి వచ్చింది. దానికి ముందు ఏడాది ఎస్తోనియా రాజధాని తల్లిన్‌లో సోవియట్ సైనికుడి కంచు విగ్రహాన్ని ఊరి మధ్య నుంచి సైనిక శ్మశానానికి తరలిస్తే వీధుల్లో అల్లర్లు జరిగాయి, ఒక ప్రాణం కూడా పోయింది. తాష్కెంట్‌లో అలాంటిదేమీ జరగలేదు. అప్పటి పరిస్థితుల్లో జరిగే వీలు కూడా లేదు.

మా అతిథి గృహం యజమానురాలిని దీని గురించి అడిగాను. అరవై దాటిన మనిషి. మేనకోడలు అనువాదం చేసింది. “ఎవరూ మాకు చెప్పలేదు. బస్సులో అటుగా వెళుతూ చూస్తే చోటు ఖాళీగా ఉంది. ఆ రోజు ఇంటికొచ్చి మా అమ్మకు చెబితే ఆమె భోజనం చేయలేదు” అంది. కారణం అడిగితే తన నాయనమ్మ ఇంట్లో కూడా యుద్ధకాలంలో ఒక పిల్ల పెరిగిందని చెప్పింది. ఆ పిల్లతో కలిసి ఆడుకున్నది వాళ్ల అమ్మే. ఆ పిల్ల పెద్దయ్యాక బంధువుల ఆచూకీ దొరికి వెళ్లిపోయిందట. చాలా ఏళ్లు ఉత్తరాలు వచ్చాయట. “విగ్రహం వాళ్లు మాస్కో కోసం పెట్టుకున్నారేమో. మా అమ్మ మాత్రం అది మా ఇంటి బొమ్మ అనుకునేది” అన్నది ఆమె.

ఆమె మాటల తర్వాత నాకు ఊళ్లోని విగ్రహాలన్నీ వేరుగా కనబడటం మొదలైంది. కౌఫ్‌మన్, స్టాలిన్, మార్క్స్, లెనిన్ పోయినప్పుడు వారి చోట ఇంకొకరు వచ్చారు, జనం దారిన జనం వెళ్లిపోయారు. ఈ కుటుంబం పోయిన చోటు పదేళ్లు జనానికి గుర్తుంది. 2016లో కరీమోవ్ మరణించాక షవ్‌కత్ మిర్జియోయెవ్ అధ్యక్షుడయ్యాడు. విగ్రహాన్ని పాత చోటికి తేవాలని 2017లో నిర్ణయించారు. మరుసటి ఏడాది మే నెలలో, యుద్ధ స్మృతి దినానికి ముందు, తెచ్చి నిలబెట్టారు. సోవియట్ విగ్రహాలు కూలిన దేశాలు ఎన్నో ఉన్నాయి. దించిన దాన్ని ప్రభుత్వమే ఎత్తుకొచ్చి సగౌరవంగా మళ్లీ అదే చోట పెట్టడం చాలా అరుదు.

తిరిగొచ్చిన విగ్రహం చెప్పే మాట మాత్రం మారింది. ఇప్పుడు సోవియట్ సోదరత్వం ఊసు వినబడదు. ఉజ్బెక్ ప్రజల ఔదార్యం, సహనం, అన్ని జాతులూ కలిసి బతికే దేశం: ఇవీ నేటి మాటలు. ఈ ప్రభుత్వానికి కూడా దానితో అవసరముంది. పొరుగు దేశాలతో తలుపులు తెరుస్తున్న కాలంలో, పర్యాటకులను పిలుస్తున్న కాలంలో, అనాథలను చేరదీసిన ఇల్లు దేశానికి మంచి ముఖచిత్రం. అయినా నాకిది 1982 నాటి అర్థం కంటే నిజానికి దగ్గరగా తోస్తుంది. ఆ పిల్లలకు అన్నం పెట్టింది ఒక ఉజ్బెక్ ఇల్లాలు. ఆమె వంటింటి కష్టం ఆమె ఊరి పేరుతో, ఆమె భాషవాళ్ల పేరుతో చెప్పుకోవడం న్యాయం.

ఇక్కడితో ఆపితే సగమే చెప్పినట్టు. ‘ప్రజల మైత్రి’ అన్న మాట వెనక దాచిన చరిత్ర కూడా ఈ ఊళ్లోనే ఉంది, దాన్ని కూడా చూసి రండి. టీవీ టవర్ దగ్గర బోజ్‌సూ కాలువ ఒడ్డున ‘షహీద్‌లార్ ఖోతిరసి’ అనే స్మారకం, దాని పక్కన అణచివేత బాధితుల మ్యూజియం ఉన్నాయి. జార్ కాలం నుంచి స్టాలిన్ కాలం దాకా కాల్చి చంపిన, జైళ్లకు పంపిన మనుషుల ఫోటోలు, కాగితాలు అక్కడ పెట్టారు. స్మారకాన్ని 2000లో, మ్యూజియాన్ని 2002లో తెరిచారు. రద్దీ ఉండదు. తోట అందంగా ఉంటుంది. వివరాలు ఉజ్బెక్, రష్యన్ తెలిసినవారికి ఎక్కువ అందుతాయి కాబట్టి ఎవరినైనా తోడు తీసుకెళ్లండి.

1937లో సోవియట్ దూరప్రాచ్యం నుంచి సుమారు 1,72,000 మంది కొరియన్లను బలవంతంగా రైళ్లలో నింపి కజఖ్‌స్తాన్‌లో, ఉజ్బెకిస్తాన్‌లో దించారు. 1944 మే నెలలో క్రిమియా తాతార్లను, దాదాపు 1,90,000 మందిని, మూడు రోజుల్లో ఇళ్ల నుంచి వెళ్లగొట్టారు. వారిలో ఎక్కువమందిని పంపింది ఇక్కడికే. అంటే కమ్మరి దంపతులు తాతారు పిల్లవాణ్ణి గుండెకు హత్తుకున్న సంవత్సరాల్లోనే, అదే రాజ్యం తాతారు కుటుంబాలను కాపలా మధ్య ఇదే నేలకు తెచ్చి పడేసింది. అదే రైలు మార్గం, అదే యుద్ధకాలం. నాన్నగారు మ్యూజియంలో చాలాసేపు మాట్లాడలేదు. “తాతయ్యా, కాసేపు బయట కూర్చుందాం రా” అని మేనకోడలు బెంచీ దగ్గరకు తీసుకెళ్లింది. అక్కడ కూర్చున్నాక, “ఇవేవీ మాకొచ్చిన పుస్తకాల్లో లేవమ్మా. నేను పిల్లలకు పాఠం చెప్పినప్పుడు కూడా ఇవి లేకుండానే చెప్పాను” అన్నారు. ఆయన ఆ పుస్తకాలను ఇప్పటికీ ప్రేమిస్తారు. వాటిలో ఏం లేదో తెలుసుకోవడానికి ఈ వయసులో ఇంత దూరం వచ్చి, తల తిప్పుకోకుండా చూసినందుకు ఆయన మీద నాకు గౌరవం ఇంకా పెరిగింది.

కొరియన్ల సంగతి తిండి దగ్గర కూడా ఎదురవుతుంది. తాష్కెంట్ బజార్లలో కొరియన్ స్త్రీలు సలాడ్‌లు అమ్ముతారు. క్యారెట్‌ను దారాల్లా తరిగి, వెల్లుల్లి, ధనియాలు, కారం, వెనిగర్ కలిపి చేసే మొర్కొవ్‌చా వాటిలో మేటి. తమ ఊరి క్యాబేజీ రకం ఇక్కడ దొరక్క, దొరికిన క్యారెట్‌తో పచ్చడి పెట్టుకున్న వలసజీవుల వంట అది. ఉప్పూ కారం తగలక నీరసించిన తెలుగు నాలుకకు ప్రాణం లేచొస్తుంది. నాన్నగారు ఆ పచ్చడి, తందూరు రొట్టె, గడ్డ పెరుగుతోనే చాలా పూటలు గడిపారు. శాకాహారులకు ఒక హెచ్చరిక: మన సమోసా లాంటి గుమ్మడికాయ సోమ్సాలో కూడా గొర్రె కొవ్వు వేసే అలవాటుంది. అడక్కుండా కొనవద్దు. మాంసాహారులకు ఇబ్బందే లేదు. టీవీ టవర్ సమీపంలోని ‘బెష్ కొజోన్’లో పెద్ద పెద్ద బానల్లో వండే పలావు తినితీరాలి. పసుపు క్యారెట్, శనగలు, ఎండు ద్రాక్ష, మెత్తగా ఉడికిన మాంసం. మధ్యాహ్నం రెండు దాటాక వెళితే అడుగున మిగిలిందే దొరకొచ్చు. పైన గుర్రపు మాంసం ముక్కలు వేస్తారు, వద్దనుకుంటే ముందే చెప్పండి.

రియాబిచెవ్ చేసినదే ఇంకో స్మారకం ఈ ఊళ్లో ఉంది. దాని పేరు ‘ధైర్యం’. 1966 ఏప్రిల్ 26న తెల్లవారుజామున ఐదున్నరకు కొంచెం ముందు తాష్కెంట్ కంపించింది. భూకంపం పెద్దది కాకపోయినా ఊరి కిందనే, తక్కువ లోతులో పుట్టడంతో దాదాపు మూడు లక్షల మంది నిలువ నీడ కోల్పోయారు. పదేళ్లకు, 1976లో, ఆ చోటనే ఈ స్మారకం తెరిచారు. నల్లరాతి ఘనం మీద తేదీ, గడియారం. దాన్ని చీలుస్తూ వచ్చిన పగులు, స్త్రీనీ బిడ్డనూ కాపాడుతూ నిలబడ్డ పురుషుడి దాకా వస్తుంది. వెనక ఊరిని మళ్లీ కట్టిన వివిధ గణతంత్రాల పనివాళ్ల శిల్పాలు. దీన్ని ఎవరూ కదిలించలేదు. కొత్త దంపతులు ఇక్కడికొచ్చి పూలు పెట్టడం అప్పటి నుంచీ ఉన్న ఆచారం. మేమున్నప్పుడు కూడా ఒక పెళ్లి బృందం వచ్చింది. నాన్నగారి చేతిలో కూడా ఒక పువ్వు పెట్టారు.

శాస్త్రిగారి స్మారకానికి కారులో వెళ్లాం. ఆయన పేరు మీదున్న వీధిలో అర్ధవిగ్రహం ఉంది. 1966 జనవరి 10న అయూబ్ ఖాన్‌తో తాష్కెంట్ ఒప్పందం మీద సంతకం చేసి, ఆ రాత్రే కన్నుమూశారు. ఆయన చూసిన తాష్కెంట్ మూడున్నర నెలల్లో కూలిపోయిందన్న సంగతి నాకు అక్కడ నిలబడ్డాకే తట్టింది. ఇన్ని విగ్రహాలు వచ్చి వెళ్లిన ఊళ్లో మన దేశపు పొట్టి మనిషి మాత్రం చలించకుండా ఉన్నాడు. చోటు చిన్నది, పావుగంట చాలు. కానీ వెళ్లకుండా రావద్దు.

యుద్ధ స్మృతికి ఇంకో రెండు చోట్లున్నాయి. స్వాతంత్ర్య చౌక్ పక్కన అజ్ఞాత సైనికుడి స్మారకం ఉండేది. 1999లో దాని చోట దుఃఖిస్తున్న తల్లిని కూర్చోబెట్టారు. అదే ఏడాది నుంచి మే 9ని విజయ దినంగా పిలవడం మాని ‘స్మృతి, గౌరవ దినం’గా జరుపుతున్నారు. ఇరువైపులా చెక్క స్తంభాల వసారాల్లో లోహపు పుటల పుస్తకాలు, వాటిలో తిరిగిరాని 4 లక్షలకు పైగా సైనికుల పేర్లు, ఊళ్ల వారీగా. పేరు వెతుక్కుంటూ పుటలు తిప్పుతున్న వృద్ధులు కనిపిస్తే వాళ్ల పని వాళ్లను చేసుకోనివ్వండి, కెమెరా తీయకండి. రెండోది 2020లో తెరిచిన విజయ పార్కు. ఐదుగురు కొడుకులను యుద్ధంలో పోగొట్టుకున్న జుల్ఫియా జకీరోవా అనే తల్లి విగ్రహం అక్కడ ప్రధానం. మ్యూజియం కొత్తది, పిల్లలకు బాగా నచ్చుతుంది. నడక చాలా ఎక్కువ. పెద్దవాళ్లతో వెళితే విగ్రహం వరకు చూసి వెనక్కి రావడం మంచిది.

సమర్కండ్‌కు అఫ్రోసియోబ్ రైలు రెండు గంటల పైచిలుకులో చేరుస్తుంది. టికెట్లు ముందే అయిపోతాయి, వీసా చేతికి రాగానే కొనేయండి.

ఇక గైడు సంగతి. మాకు మేనకోడలు ఉంది కాబట్టి సరిపోయింది. లేనివాళ్లు ఒక పూటకు నగరం చూపించే గైడును పెట్టుకోవడం మేలు, ఖర్చుకు తగ్గ ఫలం ఉంటుంది. మాట్లాడుకునే ముందే ప్రజల మైత్రి చౌక్ తీసుకెళతారా అని అడగండి. చాలా పర్యటనల జాబితాలో అది ఉండదు. తీసుకెళతానంటే ఇంకో ప్రశ్న వేయండి: ఆ కమ్మరి కుటుంబం 2008 నుంచి 2018 దాకా ఎక్కడుంది, ఎందుకు? దానికి తడుముకోకుండా జవాబు చెప్పినవాళ్లతోనే వెళ్లండి.